సంపు, మెట్లు, నీలం దుకాణం

మా ఇంట్లో కంప్యూటర్ ఒక్కటే. దాంట్లో దుకాణాలు మాత్రం ఏడు ఉండేవి.

కంప్యూటర్ ఆటలు ఇప్పుడు డిస్కుల్లో రావు. ఒక్కో కంపెనీ ఒక్కో లాంచర్ తయారుచేసి పెట్టింది. ఆట కొనేది దాంట్లోనే, తెరిచి ఆడేదీ దాంట్లోనే. ఒకదాంట్లో కొన్నది ఇంకోదాంట్లో కనపడదు. లాంచర్ అనే మాట మా తమ్ముడి నోటికి పట్టలేదు. మొదటి రోజు నుంచీ వాడు దుకాణమే అన్నాడు, నాకూ అదే అలవాటైంది. గుర్తు రంగును బట్టి ఒకటి నీలం దుకాణం, ఒకటి నల్ల దుకాణం, ఒకటి ఊదా దుకాణం. వారానికో ఆట ఊరికే ఇచ్చేదాన్ని ఫోకట్ దుకాణం అనేవాళ్ళం. కంప్యూటర్ ఆన్ చేయగానే ఏడూ ఒక్కసారే షట్టర్లు ఎత్తేవి. ఒకటి కొత్త వెర్షన్ దించుకుంటానని కూర్చునేది, ఒకటి పాస్‌వర్డ్ మళ్ళీ అడిగేది, ఒకటి పండగ డిస్కౌంటు అని సగం తెర కప్పేసేది. అవన్నీ సద్దుమణిగేసరికి చాయ్ మీద మీగడ కట్టేది.

ఈ ఏడింటినీ ఒక లెక్కలోకి తేవాలని నాకు ఎప్పటి నుంచో ఉండేది. ఓపికే ఉండేది కాదు. ఇల్లు ఖాళీ చేయమన్నప్పుడు ఇక తప్పలేదు.

నేను నిజం దుకాణాలకు లెక్కలు రాసే మనిషిని. కాలేజీలో నేర్చుకున్నది కాదు. నారాయణగూడలో ఒక ఇంటర్నెట్ సెంటర్ ఉండేది. అక్కడ కూర్చుని, పక్కవాళ్ళు ఏ మీట నొక్కితే ఏమవుతుందో చూసి నేర్చుకున్నాను. తర్వాత చిక్కడపల్లిలో, నారాయణగూడలో కొంతమంది వ్యాపారులు నమ్మి పని ఇచ్చారు. ఆ సెంటర్ మూతపడ్డప్పుడు అక్కడి కంప్యూటర్ ఒకటి తమ్ముడు ఆటోలో వేసుకొచ్చాడు. దాంతో వచ్చినవే ఈ ఆటలు. ఆ పెట్టె పోయి ఇంకోటి వచ్చింది, ఆటలు మాత్రం పెరుగుతూ పోయాయి.

తమ్ముడు హిమాయత్‌నగర్‌లో కళ్ళద్దాల దుకాణంలో పనిచేస్తాడు. అక్షరాల చార్టు ముందు మనుషుల్ని కూర్చోబెట్టి, అద్దాలు మార్చి మార్చి, "ఇది బాగున్నదా, ఇందాకటిది బాగుండెనా" అని రోజంతా అడుగుతాడు. ఇంటికొచ్చాక ఇక ఎవరినీ ఏమీ అడిగే ఓపిక ఉండదు. నాకు సాయంత్రానికి అంకెలు కళ్ళ ముందు ఈదుతుంటాయి. ఒకే ఇంట్లో ఉంటూ మేమిద్దరం మాట్లాడుకున్నది తక్కువ. ఉన్న కాస్త మాటా ఒక ఆట చుట్టే నడిచేది.

అది రైళ్ళ ఆట. నీలం దుకాణంలో కొన్నది. ఖాళీ నేల ఇస్తారు. పట్టాలు వేసి, స్టేషన్లు కట్టి, బండ్లు నడుపుకోవాలి. ఒక్కడు ఆడే ఆట. మేం వంతులేసుకున్నాం. వాడు పట్టాలు వేసేవాడు, నేను టైంటేబుల్ చూసేవాణ్ణి. సాయంత్రం నేను ముందొచ్చి ఏ బండి ఏ స్టేషన్‌లో ఎప్పుడు ఆగాలో సరిచేసి లేచేవాణ్ణి. వాడొచ్చి, నేను సరిచేసినదాని మధ్యలోంచి ఇంకో వంకర లైను లాగేవాడు. మర్నాడు తెరిస్తే రెండు బండ్లు ఎదురెదురుగా నిలబడి ఉండేవి.

"ఏందిరా ఇది, గుండ్రంగ తిప్పినవ్?"

"కొండ అడ్డమున్నదన్న."

"కొండ పక్కపొంటి తిన్నగ పోవచ్చు గద?"

"పోతే అందముండది."

ఇంతకంటే పొడుగు మాటలు మా మధ్య ఉండేవి కావు. ఏళ్ళ తరబడి అట్లా ఒక రైల్వే తయారైంది. ప్రతి బండీ ఆగి తీరాల్సిన జంక్షన్‌కు వాడు 'వదిన' అని పేరు పెట్టాడు. నా భార్య ఒకసారి తెర మీద చూసి, "నన్ను దాటి ఒక్కటి పోతలేదు గద, మంచిగున్నది" అని లోపలికి పోయింది.

మేం అప్పుడు ఉన్నది చిక్కడపల్లి గల్లీలో, మొదటి అంతస్తులో. నేను, నా భార్య, మా అమ్మాయి. తమ్ముడు, మరదలు, వాళ్ళ ఇద్దరు పిల్లలు. ఓనర్ మంచివాడే. కిరాయి పెంచినా మొహమాటపడుతూ పెంచేవాడు. ఒక ఆదివారం పైకొచ్చి, కుర్చీ ఇచ్చినా కూర్చోకుండా నిలబడ్డాడు.

"ఏమనుకోవద్దు సార్. అశోక్‌నగర్ల జాగ దొరకక చదువుకునే పిల్లలు ఈడిదాక వస్తున్నరు. పైన కింద మంచాలేసి హాస్టల్ చేద్దామని ఇంట్ల అందరు ఒక్కటే పోరు. నాకైతే మీరే ఉండాలని ఉన్నది."

"ఎన్నడు ఖాళీ చేయాలె?"

"పిల్లల పరీక్షలు అయినంక చూసుకోండ్రి. తొందరేం లేదు" అన్నాడు. కిందికి దిగుతూ గోడ పొడవు జానలతో కొలుచుకున్నాడు.

రెండు సంసారాలకు సరిపోయే పోర్షన్ కోసం రాంనగర్ నుంచి బర్కత్‌పుర దాకా తిరిగాం. పెద్దవి ఉన్నచోట మంచాలు పడ్డాయి, మంచాలు పడనిచోట ఇల్లు చిన్నది. చివరికి రెండు చిన్నవి దొరికాయి. మాది అశోక్‌నగర్‌లో, చుట్టూ హాస్టళ్ళ మధ్య. తమ్ముడిది బర్కత్‌పురలో, కాచిగూడ స్టేషన్ బండ్ల కూతలు వినపడేంత దగ్గర. మధ్యలో నారాయణగూడ. నడిచి పోయేంత దూరమే. అయినా లోకం ఊరుకోదు. చాయ్ కొట్టు ఆయన గ్లాసు అందిస్తూ గొంతు తగ్గించి, "అన్నదమ్ములు వేరు పడ్డరట గద అన్న?" అన్నాడు.

"పడలే. ఇల్లు దొరకలే."

"అట్లనే అంటరు తీయన్న అందరు" అని ఇంకో బిస్కట్ పెట్టాడు, పరామర్శకు వచ్చినట్టు.

గిన్నెలూ గ్రైండరూ పరుపులూ మా ఇద్దరి భార్యలు ఒక పూటలో తేల్చేశారు. ఆ పూట నేనూ తమ్ముడూ బయట మెట్ల మీద కూర్చున్నాం. వాడే అన్నాడు, "మరి ఆటలెట్లన్న?"

నాకు అప్పటిదాకా ఆ సంగతి తట్టలేదు. రైల్వే ఎవరి దగ్గర ఉంటే వాళ్ళే ఆడతారు. రెండోవాడికి టైంటేబుల్ లేదు, పట్టాలు లేవు, మాటా లేదు.

"పంచుకుందాం" అన్నాను. ఇంకేమనాలో తెలియలేదు.

పంపకం ఎట్లా చేస్తారో మాకు ఒక్కటే తెలుసు. రాంనగర్‌లో మా మేనమామలు ఇల్లు పంచుకున్నప్పుడు మేమిద్దరం అక్కడే ఉన్నాం. పెద్దవాడు వాటాలు వేయాలి, చిన్నవాడు ఏరుకోవాలి. ఏరుకునే హక్కు తనది కాదు కాబట్టి పెద్దవాడు చచ్చినట్టు సమానంగా పంచుతాడు. పంచడానికి వీల్లేనివి ఉమ్మడిగా వదిలేస్తారు. ఆ ఇంట్లో గేటు ఉమ్మడి, మెట్లు ఉమ్మడి, నేల కింద నీళ్ళు పట్టే సంపు ఉమ్మడి. పద్ధతి బాగానే ఉంది. కాకపోతే ఆ తర్వాత ఆ సంపును కడిగినవాళ్ళు లేరు. ఎవరి వంతు వచ్చినా మొన్ననే కడిగామనేవారు. చివరికి ఇద్దరూ తాగే నీళ్ళు బయట కొనుక్కున్నారు.

వాటాలు వేయాలంటే ముందు ఏమేం ఉన్నాయో తెలియాలి. ఆదివారాలు కూర్చుని ఏడు దుకాణాలూ ఒక్కోటి తెరిచాను.

పని సులువనుకున్నాను. దుకాణాల్లో సరుకు లెక్క రాసేటప్పుడు సబ్బు సబ్బే, ఒక సబ్బు రెండు సబ్బులు కాదు. ఇక్కడ మొదటి గంటలోనే ఒకటి అంటే ఏమిటో తెలియకుండా పోయింది. ఒక ఆట నీలం దుకాణంలో కొన్నాం. మర్చిపోయి అదే ఆట ఫోకట్ దుకాణంలో ఊరికే ఇస్తే తీసుకున్నాం. ఒకటా, రెండా? ఇంకో ఆటకు తర్వాత కొన్న అదనపు భాగాలను ఒక దుకాణం ఆటలో కలిపి చూపిస్తుంది, ఇంకోటి విడివిడిగా చూపిస్తుంది. నెల నెలా చందా కడితే ఆడనిచ్చేవి కొన్ని. చందా ఆపగానే పేర్లు అట్లాగే ఉంటాయి, తాళం పడుతుంది. ఒక దుకాణమైతే కంపెనీ చేతులెత్తేసింది. పేర్లు బూడిద రంగులో కనపడతాయి, నొక్కితే పలకవు. వాటిని ఉన్నవాటిలో రాయాలా, పోయినవాటిలో రాయాలా? ప్రతి ఆదివారం మొత్తం వేసేవాణ్ణి. ప్రతి ఆదివారం వేరే మొత్తం వచ్చేది. నా పనిలో ఒక మొత్తం రెండుసార్లు ఒకేలా రాకపోతే నాకు అన్నం సహించదు. ఇక్కడ అన్నం తినడం అలవాటు చేసుకున్నాను.

తమ్ముడు సాయం చేద్దామనుకున్నాడు. "అన్ని దుకాణాలు ఒక్కతాననే చూపెట్టేది ఒకటొచ్చిందన్న. అది వేస్తే అయిపోతది" అని అదేదో దించి పెట్టాడు. అది ఏడింటి పాస్‌వర్డులూ అడిగింది. ఏడింటిలో ఉన్నవన్నీ తెచ్చి, రెండుసార్లు ఉన్నవాటిని మూడుసార్లు చూపించింది. పొద్దున కంప్యూటర్ ఆన్ చేస్తే ఇప్పుడు ఎనిమిది షట్టర్లు లేస్తున్నాయి. ఒక వారం చూసి తీసేశాను.

ఆఖరికి నాకు నేనే నాలుగు అరలు పెట్టుకున్నాను. ఆడినవి, ఆడుతున్నవి, ఆడాల్సినవి, ఎందుకున్నాయో తెలియనివి. నాలుగో అరే పెద్దది. చాలావరకు ఫోకట్ దుకాణంవి. ప్రతి వారం తప్పకుండా తీసుకున్నాం, రేషన్ వదలకుండా తెచ్చుకున్నట్టు. తెరిచింది లేదు. మూడో అర చూసినప్పుడు మాత్రం మనసు అలిసిపోయేది. ఒక్కోటి ఎవరు ఎందుకు కొన్నామో గుర్తుంది. తీరిక దొరికితే ఆడదామనుకున్నవి. అంత తీరిక ఇక మా ఇద్దరికీ కలిపినా రాదని లెక్క తెలిసినవాడికి ఎవరూ చెప్పనక్కర్లేదు.

ఈ సర్దుడుకు దుకాణాలవాళ్ళు పెట్టిన పేరు లైబ్రరీ. చిక్కడపల్లిలో లైబ్రరీ అంటే ఒక్కటే అర్థం. ఉద్యోగ పరీక్షలకు చదివేవాళ్ళు పొద్దున్నే బ్యాగులు పెట్టి జాగా ఆపుకునే చోటు. చాయ్ కొట్టు దగ్గర ఎవరో ఫోన్ చేస్తే నేను, "లేదు, ఈ ఆదివారం కుదరదు, లైబ్రరీ పనున్నది" అన్నాను. పక్కన పుస్తకంలో వేలు పెట్టుకుని చాయ్ తాగుతున్న కుర్రాడు నా తెల్లవెంట్రుకలు చూసి, ఎంతో మర్యాదగా, "ఏ గ్రూపుకు ప్రిపేర్ అయితున్నరు అంకుల్?" అని అడిగాడు.

"మాది నాలుగు గ్రూపులు తమ్మీ" అన్నాను. పాపం, దండం పెట్టినంత పనిచేశాడు.

ఆటల లెక్క ఎట్లాగూ తేలలేదు, ఖాతా ఎవరిదో అదైనా తేలుద్దామని చూశాను. అక్కడ ఇంకో చిక్కు. నీలం దుకాణం ఖాతాకు మెయిల్ తమ్ముడిది, ఫోన్ నంబర్ నాది. వాడు సిమ్ములు మారుస్తుంటాడని నాది ఇచ్చాడు. పుట్టిన తేదీ అడిగినచోట నాదే వేశాడు, ఆధార్‌లో ఉన్నట్టే. కానీ అది నా తేదీ కాదు.

అది బడిలో జరిగింది. మా నాన్న మా ఇద్దరినీ ఒకే రోజు బడిలో వేశాడు. అక్కడి సారు రెండు కాగితాలు ముందు పెట్టుకుని, నా పుట్టిన తేదీ తమ్ముడి పేరు కింద, తమ్ముడిది నా పేరు కింద రాశాడు. నాన్నకు చదువు రాదు, వేలిముద్ర వేసి వచ్చాడు. అప్పటి నుంచీ రికార్డులన్నింట్లో వాడు పెద్ద, నేను చిన్న. రేషన్ కార్డులో వాడి పేరు నా పేరుకు పైన ఉంటుంది. వాడి నిజమైన పుట్టినరోజున నీలం దుకాణం నాకు శుభాకాంక్షలు చెప్పేది. వాడు చూసి, "హ్యాపీ బర్త్‌డే అన్న" అనేవాడు. "నీక్కూడ రా" అనేవాణ్ణి.

ఒక ఖాతాలోంచి ఇంకో ఖాతాలోకి ఆట మార్చే వీలుందా అని నీలం దుకాణంవాళ్ళకు రాశాను. నా ఇంగ్లీషులో మూడుసార్లు దిద్దుకుని రాశాను. మర్యాదగానే జవాబిచ్చారు. మార్చడానికి లేదు. మీరు కొన్నది ఆటను కాదు, ఆడుకోవడానికి అనుమతిని మాత్రమే అన్నారు.

చదివి వినిపిస్తే నా భార్య ఉల్లిగడ్డ కోస్తూ, "అంటే కిరాయి ఇల్లే అన్నట్టు" అంది. "వాళ్ళు కూడ హాస్టల్ పెట్టుకుంటమంటే?"

ఒక్కో ఆటను విడదీయలేనప్పుడు ఖాతాలనే పంచాలి. ఏడు ఖాతాలు, రెండు వాటాలు. నీలం దుకాణం ఒక్కటే ఒక వాటా, మిగిలిన ఆరూ ఇంకో వాటా అని పెట్టాను. లెక్కకు రెండో వాటా పెద్దది. కానీ మొదటిదాంట్లో రైల్వే ఉంది. చిన్నవాడు తప్పకుండా నీలమే ఏరుకుంటాడు, ఏరుకోనీ అనుకున్నాను. పట్టాలు వేసింది వాడు. పట్టాలు లేని టైంటేబుల్ నేనేం చేసుకోను? ఇట్లా అనుకుని కంప్యూటర్ కట్టేసి లేచి, వంటింట్లోకి పోయి మంచినీళ్ళు తాగి, మళ్ళీ వచ్చి కట్టేసిన కంప్యూటర్ ముందే కూర్చున్నాను.

సామాను బండి వచ్చే ముందు ఆదివారం, భోజనాలయ్యాక పంపకం పెట్టుకున్నాం. ఇంట్లో అట్టపెట్టెలు, పాత పేపర్లు, చుట్టిన చాపలు. తమ్ముడు ఒక అట్టపెట్టె మీద కూర్చున్నాడు. తెర మీద రెండు వాటాలూ చూపించాను. వాడు చెంప గోక్కుంటూ చాలాసేపు చూశాడు.

"పెద్దోడు పంచుతడు, చిన్నోడు ఏరుకుంటడు. అంతే గదన్న?"

"అంతే. ఏరుకో."

"మరి ఆధార్ కార్డు తీయి."

"దేనికిరా?"

"తీయన్న, జర."

తీయలేదు. వాడు మాటను ఎటు తిప్పుతున్నాడో నాకప్పటికే అర్థమైంది.

"రికార్డుల నేను పెద్దోణ్ణి. ఏరుకునేది నువ్వు" అన్నాడు.

"పంచింది నేను గదరా!"

"నీకు లెక్కలొస్తయని రాయమన్న. నా తరఫున రాసినవ్."

వంటింట్లోంచి మా ఇద్దరి భార్యలూ పకపకా నవ్వారు. "ఆ సారు రాసిన తప్పు ఇన్నేండ్లకు అక్కరకొచ్చింది" అని మరదలు అంది. "ఏరుకోండ్రి బావా. పెద్దాయన మాట వినాలె."

నాకు నవ్వు రాలేదు. తెర వైపు చూశాను. నీలం తీసుకుంటే వాడు బర్కత్‌పురలో నిజం బండ్ల కూతలు వింటూ ఖాళీగా కూర్చుంటాడు. ఆరు తీసుకుంటే ఆ ఖాళీ నాది. నేను అంత జాగ్రత్తగా వాడి కోసం పెట్టిన వాటాను వాడు అంతే జాగ్రత్తగా నా ముందుకు నెట్టాడు. ఇద్దరం ఒకదాన్నే చూస్తూ, అది నాకొద్దు అంటున్నాం. అంతకుముందు వారాలన్నీ కూడికలు చేసిన అలసట అప్పుడు ఒక్కసారిగా మీద పడింది. పడుకుంటే బాగుండనిపించింది.

"నీలం దుకాణం ఉమ్మడి" అన్నాను.

"ఉమ్మడంటే? సంపు లెక్కనా?"

"సంపు లెక్కనే. మెట్ల లెక్కనే. ఖాతా ఒక్కటి, ఆడేది ఇద్దరం. నువ్వు ఆపినకాడి నుంచి నాకొస్తది, నేను ఆపినకాడి నుంచి నీకొస్తది. ఇద్దర్ని ఒక్కసారే ఆడనియ్యది, అంతే. వంతులేసుకుందాం."

"వంతులేసుకుంటే ఆ సంపు ఎన్నడన్న కడిగిండ్రా అన్న?"

కడగలేదని ఇద్దరికీ తెలుసు. మిగిలిన ఆరింటినీ చెరో మూడు అనుకున్నాం. ఏవేవి అనేది ఇద్దరం పట్టించుకోలేదు. ఫోకట్ దుకాణం మాత్రం వాడు అడిగి తీసుకున్నాడు, "నువ్వు వారం వారం తీసుకోవు, మర్చిపోతవ్" అని.

మారిన తర్వాత మొదటి రోజుల్లో సామాను సర్దడంతోనే సరిపోయింది. అశోక్‌నగర్ ఇల్లు చిన్నది. కిటికీ తీస్తే ఎదుటి హాస్టల్ బట్టలతాడు. కంప్యూటర్ పెట్టడానికి బల్లకు జాగా లేక కుట్టుమిషన్ మీద పెట్టాను. తమ్ముడు తన దుకాణంలో పక్కన పడేసిన పాత కంప్యూటర్ ఒకటి అడిగి తెచ్చుకున్నాడు. ఒక సాయంత్రం నేను నారాయణగూడలో ఒక మెడికల్ షాపులో కూర్చుని నెల లెక్కలు చూస్తుంటే ఫోన్ మోగింది. ముందు మెసేజ్, వెంటనే తమ్ముడు.

"అన్నా, కోడ్ వచ్చిందా? నీలం దుకాణం."

కొత్త కంప్యూటర్‌లో ఖాతా తెరిస్తే, ఫోన్‌కు ఒక కోడ్ పంపిస్తారు. ఫోన్ నంబర్ నాది. చదివాను.

"ఇంగ్లీషుల చెప్పరాదా? నీ తొమ్మిదికి, నీ ఎనిమిదికి తేడా తెలుస్తలేదు."

"నేను నేర్చుకున్నది తెలుగుల. ఇంకొకసారి చెప్తా విను."

మర్నాడు మళ్ళీ కోడ్. ఆ మర్నాడు మళ్ళీ. ఒకసారి నడిరోడ్డు మీద, చిక్కడపల్లి సిగ్నల్ దగ్గర బండి పక్కకు ఆపి చదివాను. ఒకసారి వ్యాపారి ఎదురుగా ఉంటే బయటికొచ్చి చదివాను. పనిలో ఉన్నప్పుడు విసుగొచ్చేది. వాడు ఆడి లేచేటప్పుడల్లా ఖాతా మూసి లేస్తున్నాడు. ఎందుకని అడిగితే, "పిల్లలు ముట్టుకుంటరన్న" అన్నాడు.

కోడ్‌తో పాటు రెండు మాటలు కూడా వచ్చేవి.

"నిన్న బండ్లన్ని ఆగిపోయినయి గద, ఏం చేసినవ్?"

"వదిన జంక్షన్ అవతల బ్రిడ్జి కట్టిన. చూసినవా?"

"చూసిన. నా పొద్దటి బండ్లన్ని ఖరాబైనయ్."

"మస్తున్నది గద కాని?"

"ఆ, మస్తున్నది" అనేవాణ్ణి. నిజంగానే బాగుండేది, బండ్లు నడవకపోతే నడవకపోయాయి.

నా భార్య ఒకరోజు పక్కనే ఉండి విన్నది. "ఈ కంప్యూటర్‌ను గుర్తుపెట్టుకో అని ఒక గడి ఉంటది గద? బ్యాంకుదాంట్ల ఉంటది. అండ్ల టిక్కు పెడితే మళ్ళ మళ్ళ అడగది. మీ తమ్మునికి చెప్పరాదు?"

"చెప్త" అన్నాను.

ఏడు ఖాతాలూ తెరిచింది వాడు. ఏ గడి ఎక్కడుంటుందో నాకంటే వాడికే బాగా తెలుసు.

తర్వాత ఒక నెల కోడ్ రాలేదు. పెళ్ళిళ్ళ కాలం కదా, అద్దాలకు గిరాకీ ఎక్కువుంటుంది అనుకున్నాను. మరదలు ఫోన్ చేసి, పని నుంచి వస్తూనే పడుకుంటున్నాడని నా భార్యతో చెప్పింది. నేనూ సంవత్సరం లెక్కలు మూసే పనిలో మునిగి ఉన్నాను. ఒక సాయంత్రం ముందే ఇంటికొచ్చి, రైల్వే తెరిచాను. బండ్లన్నీ వేళకు నడుస్తున్నాయి. ఏ బండీ ఏ బండికీ ఎదురుపడలేదు. వదిన జంక్షన్‌లో వచ్చినవి వచ్చినట్టు ఆగి, వెళ్ళాల్సినవి వెళ్ళాల్సినట్టు వెళ్ళాయి. ఇన్నేళ్ళుగా నేను కోరుకున్నది అదే. కాసేపు చూశాను. సరిచేయడానికి ఏమీ లేదు. ఒక బండిని నేనే ఆలస్యం చేసి, మళ్ళీ సరిచేసి, కట్టేశాను.

సంపు మూత తీసి చూసి మళ్ళీ వేసినట్టుంది నాకు. ఫోన్ చేద్దామని చేతిలోకి తీసుకున్నాను. చేసి ఏం చెప్పాలి? బండ్లు వేళకు నడుస్తున్నాయని చెప్పాలా? పక్కన పెట్టేశాను.

మొన్న సాయంత్రం నారాయణగూడ చౌరస్తా దాటి అశోక్‌నగర్ వైపు నడుస్తున్నాను. రోజంతా కూర్చుని నడుం పట్టేసింది. ఒక చేతిలో ఫైళ్ళ సంచి, ఇంకో చేతిలో ఆకుకూర. ఫోన్ జేబులో ఒకసారి కొట్టుకుంది. మెసేజ్. తీసే లోపల మోగింది.

ఒక షాపు అరుగు మీద సంచి దించాను.

"అన్నా, బిజీ ఉన్నవా?"

"లేను. చెప్పు."

"కోడ్ వచ్చినట్టుంది చూడు."

"వచ్చింది. రాసుకో. ఏడు."

"ఏడు."

"మూడు."

"జర ఆగన్న. పెన్ను రాస్తలేదు."

ఆరంకెలకు వీడికి పెన్ను ఎందుకో. వెనక పిల్లల గొంతులు, సొరుగులు లాగి వెతుకుతున్న చప్పుడు, దూరంగా బండి కూత వినపడుతున్నాయి. బస్సు ఒకటి పొగ వదులుతూ పోయింది. నేను అరుగు మీద కూర్చున్నాను.

"అరేయ్, దీనికి టైముంటదిరా. అయిపోతే ఈ కోడ్ పనిచేయది."

"అయిపోతే ఇంకోటి పంపుతరు తీయన్న" అన్నాడు.